గిటారు గురువు ఫ్రాన్సిస్కో తార్రెగా

స్పెయిన్ దేశపు తూర్పు సముద్రతీరమున కాస్తెల్యోన్ అను మండలము కలదు. మిహారెస్ నది నీటిని కాలువలద్వారా పొలములకు పారించుకొని బ్రదుకు రైతుల సీమ అది. నేడు నారింజ తోటలకు పేరు పడినది. కృష్ణా గోదావరి డెల్టాలలో పుట్టి పెరిగినవారికి ఆ సీమ స్వరూపమును వర్ణించి చెప్పనక్కరలేదు. ఆ మండలములోని విల్యారియల్ అను ఊర 1852వ సంవత్సరము నవంబరు 21వ తేదీన ఫ్రాన్సిస్కో తార్రెగా జన్మించెను. తండ్రి పేరును ఫ్రాన్సిస్కోయే. ఆయన ఒక మఠమున కావలి పని చేయుచు, తీరిక దొరకినప్పుడు గిటారు వాయించుకొనువాడు. ఇంట కలిమి లేదు.

పసితనమున ఒకనాడు బాలుడు దాది చేతిని తప్పించుకొని పరుగెత్తుచు పంటకాలువలో పడెను. ప్రాణము దక్కెను గాని కన్నులు చెడెను. ఆ నలత జీవితాంతమును ఆయనను విడువలేదు. బిడ్డకు చూపు పూర్తిగా పోయినచో వానికి దిక్కేమని తండ్రి ఆలోచించెను. కన్ను లేకున్నను చెవి, చేయి ఉన్నవానికి సంగీతమొక్కటియే కూడు పెట్టునని తలచి, కుటుంబమును కాస్తెల్యోన్ పట్టణమునకు తరలించి కుమారుని సంగీతమున ప్రవేశపెట్టెను. అచట బాలునకు దొరకిన మొదటి గురువులు ఇరువురును, ఎయుహేని రూయిస్, మన్యుయెల్ గొన్సాలెస్ అనువారు, అంధులే. చూడలేని గురువులకడ చూపు మందగించిన శిష్యుడు నేర్చిన విద్య కాగితముమీది విద్య కాజాలదు. వినుట, తాకుట, మరల మరల వాయించుట మాత్రమే అందు కలవు. ఈ ఆరంభమును చదువరులు జ్ఞప్తియందుంచుకొనవలెను.

గిటారు మన దేశమున సినిమా సంగీతము మూలముగ పరిచితమైన వాద్యమే. ఆరు తంత్రులు, మెడపై లోహపు మెట్లు, నడుము సన్నమైన చెక్కపెట్టె. మన వీణకును మెట్లు కలవు గాని, వీణలో తంత్రిని లాగి గమకము పుట్టింతురు. శాస్త్రీయ గిటారులో ఒకేసారి రెండు మూడు వరుసల స్వరములు వేరు వేరు వ్రేళ్లతో నడపుట ముఖ్యము. బొటనవ్రేలు క్రింది స్థాయిని నడపుచుండగా తక్కిన వ్రేళ్లు పైపాటను పలికించును. అయితే తార్రెగా బాల్యమునాటికి ఆ దేశముననే ఈ వాద్యమునకు మర్యాద తగ్గియుండెను. పంతొమ్మిదవ శతాబ్ది తొలిభాగమున ఫెర్నాందో సోర్, దియోనీసియో అగ్వాదో వంటి మహావిద్వాంసులు దానికి గ్రంథములు వ్రాసి గౌరవము తెచ్చిరి. వారి తరువాత పియానో విజృంభించెను. గిటారు గాయకులకు తోడుపలుకుటకును, సారాయి దుకాణములలో ప్రొద్దుపుచ్చుటకును మాత్రమే పనికివచ్చునని పెద్దమనుష్యుల తలంపు.

1862వ సంవత్సరమున హూలియన్ ఆర్కాస్ అను ప్రసిద్ధ గిటారు విద్వాంసుడు కాస్తెల్యోన్ పట్టణమునకు వచ్చి ఈ బాలుని వాద్యము విని, బార్సెలోనాకు పంపినచో తాను నేర్పుదునని తండ్రికి చెప్పెను. తండ్రి సమ్మతించెను గాని పియానో కూడ నేర్వవలెనని నియమము పెట్టెను. ఆ నియమము ఆనాడు బాలునకు భారముగ తోచియుండవచ్చును. ముందుముందు ఆయన కీర్తికి సగము దానినుండియే వచ్చెను. ఆర్కాస్ అనతికాలముననే కచ్చేరీలకై దేశాటనము పోయెను. పదేండ్ల శిష్యుడు బస విడిచి పారిపోయి కాఫీ హోటళ్లలో గిటారు వాయించి సంపాదింప చూచెను. తండ్రి వెదకి ఇంటికి తెచ్చెను. మూడేండ్ల పిమ్మట మరల వలెన్సియాకు పారిపోయి జిప్సీల గుంపులో చేరెను. తండ్రి మరల తెచ్చెను. మూడవసారియు పోయెను. గొప్పవారి చరిత్రలలో బాల్యముననే వినయవిధేయతలు కనబడుట వాడుక. ఈ చరిత్రలో అవి కనబడవు. కొంతకాలమునకు తనంతట తానే ఇల్లు చేరి, దొరకిన కచ్చేరీలలో వాయించి కుటుంబమునకు తోడుపడసాగెను.

బుర్రియానా పట్టణములో ఆంతోనియో కానేసా అను ధనిక వర్తకుడు ఈ యువకుని ఆదరించెను. 1869వ సంవత్సరమున సెవిల్ నగరములో ఆంతోనియో దె తోర్రెస్ చేసిన గిటారు తార్రెగాకు లభించెను. తోర్రెస్ (1817–1892) సామాన్యుడగు వడ్రంగి కాడు. నేడు లోకమంతటను శాస్త్రీయ గిటారు ఏ కొలతలతో, ఏ ఆకృతితో తయారగుచున్నదో అది చాలవరకు ఆయన నిర్ణయించినదే. పెట్టె వైశాల్యము పెంచి, పైపలక పలుచన చేసి, దాని లోపలివైపున విసనకఱ్ఱ పుల్లలవలె బద్దీలను అమర్చి నాదమును పెంచెను. తగిన వాద్యము, తగిన చేయి ఒకచోట కలియుట అరుదు. ఇచట కలిసినవి.

1874వ సంవత్సరమున తార్రెగా మాద్రిద్ సంగీత విద్యాలయమున చేరి పియానోను, సంగీత రచనాశాస్త్రమును అభ్యసించెను. గిటారునకు ఆ విద్యాలయమున స్థానమే లేదు. దానికి అచట ఆచార్యపదవి 1935వ సంవత్సరమున గాని ఏర్పడలేదు. పియానో నేర్చుటవలన తార్రెగాకు బెథోవెన్, షోపేన్, మెండెల్సన్, షూమన్ వంటివారి కృతులు కరతలామలకములయ్యెను. గిటారునకు గంభీరమైన కృతులు చాలవని గుర్తించి, ఆయన ఆ పియానో కృతులను గిటారునకు అనువదింప మొదలిడెను. ఎనుబదియెనిమిది మీటల వాద్యమునకు వ్రాసినదానిని ఆరు తంత్రులకు ఇముడ్చుట సామాన్యమైన పని కాదు. ఏ స్వరము విడువవచ్చును, ఏది విడిచినచో కృతి ప్రాణము పోవును అను వివేకము కావలెను. సొంతముగ రచించిన కృతులకంటె ఆయన చేసిన ఇట్టి అనువాదములే సంఖ్యలో ఎక్కువ. మిత్రులైన అల్బేనిస్, మలాత్స్ అనువారు పియానోకు వ్రాసినవి కూడ ఆయన చేతిలో గిటారు కృతులైనవి. తన రచనలను తార్రెగా గిటారుపై విని అల్బేనిస్ మిక్కిలి సంతసించెనని చెప్పుదురు.

1881వ సంవత్సరమున నాటకకర్త కాల్దెరోన్ ద్విశతవర్ధంతి సందర్భమున పారిసులో వాయించెను. లండనుకు పోయెను గాని అచటి మంచు, భాష రెండును ఆయనకు గిట్టలేదు. కన్నీటి బొట్టు అని అర్థమిచ్చు లాగ్రిమా అను చిన్న కృతి ఆ దిగులులో పుట్టినదని ఒక కథ కలదు. కథ నిజమైనను కాకున్నను, నేటికిని గిటారు నేర్చు ప్రతి విద్యార్థియు తొలి ఏండ్లలో ఆ కృతిని వాయింపక మానడు. నోవెల్దా అను ఊర తనవద్ద పాఠము వినిపించిన మరియా హోసె రీసో అను యువతిని 1882వ సంవత్సరము క్రిస్మసు దినములలో పెండ్లాడెను. మాద్రిద్ కాపురమున పసికూతురు మరణించెను. 1885వ సంవత్సరమున దంపతులు బార్సెలోనా చేరి అచటనే స్థిరపడిరి.

కచ్చేరీలవలనను పాఠములవలనను వచ్చునది ఇల్లు గడచుటకు చాలీచాలనిదిగ ఉండెను. కొంచా మార్తినెస్ అను ధనవంతురాలగు వితంతువు ఆయన విద్యకు ముగ్ధురాలై బార్సెలోనాలో తన ఇంటిని ఆ కుటుంబమునకు వాడుకకిచ్చెను. ఆమె మూలముననే ఆయన గ్రనాదా నగరమును, అచట అరబ్బు రాజులు కట్టించిన అలాంబ్రా కోటను చూచెను. అలాంబ్రా జ్ఞాపకములను పేర ప్రసిద్ధమైన కృతికి 1899వ సంవత్సరపు చేవ్రాతప్రతి కలదు. అందు మూడు వ్రేళ్లు ఒకే స్వరమును వెంటవెంటనే మీటుచుండగా బొటనవ్రేలు క్రింద వేరొక పాటను నడపును. వినువారికి ఇరువురు వాయించుచున్నట్లును, పైస్వరము నీటిధారవలె తెగక పారుచున్నట్లును తోచును. మీటిన మరుక్షణమున నాదము తగ్గిపోవుట గిటారునకు పుట్టుకతో వచ్చిన లోపము. ఆ లోపమునే ఈ కృతి అందముగ మార్చినది.

తార్రెగా కచ్చేరీ విద్వాంసుడుగా కంటె గురువుగా లోకమునకు ఎక్కువ చేసెను. ఎడమకాలిక్రింద చిన్నపీట ఉంచి, ఆ తొడపై గిటారును ఆనించి కూర్చుండు పద్ధతి ఆయన శిష్యులవలననే లోకమంతట వ్యాపించినది. మీటిన వ్రేలు ప్రక్క తంత్రిపై ఆగి విశ్రమించు మీటును ఆయన క్రమబద్ధము చేసెను. 1902వ సంవత్సర ప్రాంతమున, అనగా ఏబదియవ యేట, గోళ్లు కత్తిరించుకొని వ్రేలి కండతోనే మీట నారంభించెను. గోటిమీటున నాదము పెద్దది, కాంతిగలది. కండమీటున నాదము చిన్నది, మెత్తనిది. పేరు వచ్చిన పిమ్మట, పెద్ద నాట్యశాలలలో వినబడవలసిన విద్వాంసుడు నాదమును తగ్గించుకొనుట వింతగనే తోచును. శిష్యులలో కొందరు ఆయనను అనుసరించిరి, కొందరు అనుసరింపలేదు. ఆ వాదము నేటికిని తెగలేదు.

మిగేల్ ల్యోబెట్, దానియేల్ ఫోర్తేయా, ఎమిలియో పుజోల్, హోసెఫీనా రొబ్లేదో ఆయన శిష్యులలో ముఖ్యులు. ఇంతమందిని తీర్చిన గురువు బోధనాగ్రంథమొకటియు వ్రాయలేదు. సోర్ 1830వ సంవత్సరమున తన పద్ధతినంతయు ముద్రించి లోకమునకిచ్చెను. తార్రెగా మాత్రము చిన్న చిన్న అభ్యాసకృతులను వ్రాసియిచ్చి, ఎదుట కూర్చుండి నేర్పెను. ఆయన కృతులు కొన్ని జీవితకాలముననే ముద్రితములయ్యెను. పెక్కులు చేవ్రాతప్రతులుగనే చేతులు మారెను. మన దేశమున ఇది వింత కాదు. సరిగ్గా ఆ కాలముననే, 1904వ సంవత్సరమున, ఎట్టయపురమున సుబ్బరామ దీక్షితులు వంశపారంపర్యముగ వచ్చిన కీర్తనలను స్వరలిపితో తెలుగు లిపియందు సంగీత సంప్రదాయ ప్రదర్శినిగా అచ్చు వేయించెను. అట్లు ఒకరు పూనుకొననిచో ఇంటిలోని విద్య ఇంటితోనే పోవును.

1906వ సంవత్సరము జనవరిలో తార్రెగాకు పక్షవాతము వచ్చి కుడిపక్కను పట్టుకొనెను. గిటారు వాయించువానికి కుడిచేయి పోవుట గాయకునకు గొంతు పోవుటయే. అయినను సాధన విడువక మరల సభలలో వాయించెను గాని మునుపటి స్థితి రాలేదు. 1909వ సంవత్సరము డిసెంబరు 2వ తేదీన ఒరేముస్ అను చిన్న కృతిని ముగించెను. పదుమూడు దినములకు, డిసెంబరు 15వ తేదీన, 57వ యేట బార్సెలోనాలో కన్నుమూసెను. 1915వ సంవత్సరమున అస్థికలను కాస్తెల్యోన్ పట్టణమునకు చేర్చిరి.

ఇక ఆయన విడిచిపోయిన ప్రతుల సంగతి. చేతివ్రాతలు నకలునుండి నకలుగ నడచినప్పుడు స్వరములకంటె ముందు జారిపోవునది కర్తపేరు. లా త్రవియాతా అను సంగీతనాటకముపై గిటారు కృతి ఒకటి చిరకాలము తార్రెగాదిగ అచ్చయ్యెను. అది నిజమునకు ఆయనను బాల్యమున బార్సెలోనాకు పిలిచిన ఆర్కాస్ రచన. ఆయన పేర ప్రసిద్ధమైన ఉజ్జ్వలమగు అభ్యాసకృతి ఒకటి అలార్ అను ఫ్రెంచి వయొలిన్ విద్వాంసుని రచనకు గిటారు రూపము. తుదకు ఆ కడపటి ఒరేముస్ సైతము షూమన్ వ్రాసిన ఒక చిన్న పియానో కృతికి చేసిన అనువాదమే. ఇందు తార్రెగా దోషమెంత, ప్రకాశకుల తొందర ఎంత అని తూచి చెప్పుట కష్టము. గురువు తన వాడుకకును శిష్యుల వాడుకకును వ్రాసికొన్న కాగితమును ఆయన పోయిన పిమ్మట ఆయన పేర అచ్చొత్తించినచో గురువు ఏమి చేయగలడు? అయితే ఆర్కాస్ వంటి వానికి జరిగిన నష్టము మాత్రము నిజమైనది. ఆయన కృతి ఎన్నియో సభలలో మ్రోగెను, ఆ చప్పట్లు మాత్రము శిష్యుని ఖాతాలో పడెను.

శిష్యులు తమ ఋణమును వేరు వేరు రీతుల తీర్చుకొనిరి. ఫోర్తేయా మాద్రిద్ నగరమున తన ప్రచురణాలయమును నెలకొల్పి దానికి బిబ్లియోతేకా ఫోర్తేయా అని పేరిడెను. బిబ్లియోతేకా అనగా గ్రంథాలయము. అచ్చునకు ఆ పేరు పెట్టుట మన పాఠకులకు ముచ్చట గొలుపును. పుజోల్ గురువు చెప్పిన విద్యనంతయు క్రమముగ వ్రాయబూని, 1934వ సంవత్సరమున తన గిటారు బోధనాగ్రంథపు ప్రథమ సంపుటమును వెలువరించెను. తరువాతి సంపుటములకు దశాబ్దములు పట్టెను. 1960వ సంవత్సరమున గురువు జీవితచరిత్రను ప్రకటించెను. కూర్చుండుట, మీటుట, వ్రేలు ఆనించుట, ఎత్తుట అను విషయములు ఒక్కొక్కటియు అందు వ్రాతకెక్కినవి.

తార్రెగా పేరు వినని వారును ఆయన స్వరములను వినియుందురు. 1902వ సంవత్సరమున వ్రాసిన గ్రాన్ వాల్స్ అను కృతి నడుమ నాలుగు ఆవర్తములంత చిన్న పలుకు కలదు. దానిని ఫిన్లాండు దేశపు నోకియా కంపెనీ 1994వ సంవత్సరమునుండి తన సెల్ ఫోనులలో గంటగా పెట్టినది. పొలముగట్టున, బస్సులో, పెండ్లిపందిట ఒకప్పుడు మ్రోగిన ఆ గంట బార్సెలోనా గిటారు గురువు వ్రాసినదని తెలిసి వాయించుకొన్నవారు అరుదు. కర్త మరణించి ఎనుబదియేండ్లు దాటినది కనుక ఆ సంగీతముపై హక్కుల గడువు అప్పటికే తీరినది. కంపెనీ ఆ పలుకును తన వ్యాపారచిహ్నముగ నమోదు కూడ చేయించుకొనెను. చట్టమునకు ఇందు లోపము లేదు. ఇంటి అద్దెకు మరొకరి దయపై ఆధారపడిన మనుష్యుని నాలుగు ఆవర్తములు కోటానుకోట్ల జేబులలో మ్రోగుట తలచుకొన్నప్పుడు మాత్రము మనసు ఒకింత చివుక్కుమనును.

నేడు అంతర్జాలమున ఆయన స్వరపత్రములు ఉచితముగ దొరకును. స్టాక్‌హోమ్ నగరమున 1923వ సంవత్సరమున మరణించిన బోయే అను గిటారు ప్రియుడు జీవితమంతయు కూడబెట్టిన స్వరపత్రముల సంపుటి కలదు. అచటి గ్రంథాలయమువారు దాని ఛాయాప్రతులను ఎల్లవారికిని విడిచిరి. 2006వ సంవత్సరమున కెనడాలో ఒక సంగీత విద్యార్థి, గడువు తీరిన కృతుల ప్రతులన్నియు ఒకచోట చేర్చు గ్రంథాలయమును అంతర్జాలమున ప్రారంభించెను. తొలినాళ్లలో స్వరములను అచ్చువేసి ప్రసిద్ధికెక్కిన వెనిస్ ముద్రాపకుడు పెత్రూచ్చి పేరు దానికి పెట్టిరి. కెనడాలో హక్కులు కర్త మరణించిన ఏబదియేండ్లకు తీరుచుండెను. ఐరోపాలో డెబ్బది యేండ్లు. తమకింకను హక్కుగల కృతులు అందు కలవని ఒక ఐరోపా ప్రచురణాలయము లాయరు నోటీసు పంపగా 2007వ సంవత్సరము అక్టోబరులో అది మూతపడెను. 2008వ సంవత్సరము జూన్ నెలాఖరున మరల తెరచిరి. అప్పటినుండి ఇంటికి దూరముగ గురువు లేని పల్లెలలో గిటారు పట్టిన పిల్లలకు అదియే పుస్తకాల బీరువా. ఆర్కాస్ వంటివారి పాత అచ్చుప్రతులు ఎవరికైనను చూడ దొరకుటవలన కర్తపేరులోని తప్పులు పట్టుకొనుటయు సులువైనది.

అయితే ఉచితముగ దొరకుట వేరు, ఉచితముగ ఇచ్చు హక్కు ఉండుట వేరు. మన దేశమున 1957వ సంవత్సరపు చట్టము మొదట కర్త మరణానంతరము ఏబదియేండ్లు రక్షణమిచ్చెను. 1992వ సంవత్సరమున దానిని అరువదియేండ్లు చేసిరి. ఏ లెక్కన చూచినను తార్రెగా వ్రాసిన స్వరములు ఎల్లవారి సొత్తు. ఆ స్వరములకు నేటి సంపాదకుడు క్రొత్తగ వ్రేళ్ల గుర్తులు పెట్టి, పాఠము సవరించి, పీఠిక వ్రాసినచో ఆ శ్రమ ఆయనది. నేటి విద్వాంసుడు వాయించి విడుదల చేసిన రికార్డు ఆయనది. సంగీతోపాధ్యాయుడు క్రొత్త ప్రచురణ ఒకటి కొని, నలువది మంది విద్యార్థులకు ఫోనుద్వారా ఛాయలు పంపుట నేడు సర్వసాధారణము. పాత అచ్చు ఉచితముగ దొరకుచుండగా క్రొత్తదానిని అట్లు పంచుట అక్కరలేని పని. పాతదానిలో వ్రేళ్ల గుర్తులు సరిగా లేవు కనుక క్రొత్తది పంపుచున్నామను ఉపాధ్యాయుడు, ఆ గుర్తులు పెట్టినవాని శ్రమకు విలువ ఉన్నదని తానే ఒప్పుకొనుచున్నాడు. విద్యార్థులు బీదలన్న మాట నిజమే. తార్రెగా బీదవాడన్న మాటయు నిజమే.

ఇందు చిత్రమైన చిక్కు ఒకటి కలదు. గురువు కృతులు ఎల్లవారివి అయినవి. వానిని వాయించు విధమును గురువు కాగితముపై పెట్టలేదు. అది పుజోల్ గ్రంథములలో ఉన్నది. పుజోల్ 1980వ సంవత్సరమున మరణించెను గనుక మన చట్టము లెక్కన 2040వ సంవత్సరాంతము వరకు అవి ఆయన వారసులవి, ప్రకాశకులవి. లాగ్రిమా కాగితమును పల్లెలోని విద్యార్థి క్షణములో ఉచితముగ తెచ్చుకొనగలడు. ఆ మొదటి స్వరమును గోటితో మీటవలెనా, కండతో మీటవలెనా, మీటిన వ్రేలు ఎచట ఆగవలెను అని తెలియవలెనన్నచో పుజోల్ గ్రంథమును కొనవలెను, లేదా ఏ గ్రంథాలయముననో ఎరువు తెచ్చుకొని చదివి గడువులోపల తిరిగి ఇయ్యవలెను.